కోర్టుకు బయలుదేరే ముందే చెప్పండి

ఆంధ్రప్రదేశ్ హైకోర్టు గౌరవ ప్రధాన న్యాయమూర్తి గారికి,



పల్లెటూళ్లో ఒక ఇంటికి కోర్టు సమన్లు వచ్చాయంటే ఆ పూట ఆ ఇంట్లో ఎవరికీ ముద్ద దిగదు. నేరం చేసినవాళ్ల మాట కాదు నేను చెప్పేది. గట్టు తగాదాలో కొట్టుకుంటుంటే కళ్లారా చూసి సాక్షిగా పేరెక్కిన పక్క చేను రైతు, తాత వీలునామా మీద నడిచే దావాలో ప్రతివాదుల వరుసన చివరెక్కడో ఉన్న ఆడపడుచు, అన్న కొడుక్కి జామీను నిలబడిన పెద్దాయన, చెక్కు కేసులో ఇరుక్కున్న కిరాణా కొట్టాయన. వీళ్లలో చాలామంది అంతకుముందు కోర్టు గడప తొక్కి ఎరగరు. తీర్పు ఎలా వస్తుందోనన్న దిగులు తర్వాతిది. ముందు ఆ రోజు అక్కడికి వెళ్లి ఏం చెయ్యాలో తెలియకపోవడమే వాళ్లను కుంగదీస్తుంది.

నేను పల్నాడు ప్రాంతంలో తెలుగు ఉపాధ్యాయుడిగా పనిచేసి రిటైరయ్యాను. మా ఊళ్లో ఎవరికి సమన్లు వచ్చినా ఆ కాగితం చదివి చెప్పమని నా దగ్గరికి వస్తారు. చదివి చెప్పడం తేలికే. ఆ తర్వాత వాళ్లు అడిగేవాటికి మాత్రం ఆ కాగితంలో జవాబుండదు. ఏ గదిలోకి వెళ్లాలి? లాయరు లేకుండా పోవచ్చా? ఏయే కాగితాలు పట్టుకెళ్లాలి? ఒక్క రోజుతో అయిపోతుందా, మళ్లీ రమ్మంటారా? చీకటి పడేలోగా ఇల్లు చేరతామా? ఇవేవీ చట్టాల లోతులు తెలిసినవాళ్లే చెప్పాల్సిన సంగతులు కావు. కోర్టు తలచుకుంటే ఒక్క పేజీలో చెప్పేయగలదు. ఆ ఒక్క పేజీ కోసం, దాని వెంట రావలసిన మరి నాలుగు మార్పుల కోసం ఈ లేఖ రాస్తున్నాను.

మీకే ఎందుకంటే, రాజ్యాంగం 227వ అధికరణం కింది కోర్టుల పర్యవేక్షణను, 235వ అధికరణం జిల్లా కోర్టుల మీద, వాటి కింది కోర్టుల మీద నియంత్రణను హైకోర్టుకు అప్పగించాయి. మంత్రికి రాసినా, ఎమ్మెల్యేకి రాసినా ఇది జరిగే పని కాదు. మీరు ఒక సర్క్యులర్ మీద సంతకం పెడితే రాష్ట్రంలోని ప్రతి కోర్టు ఆవరణలోనూ జరుగుతుంది. పదిమందీ చదవాలని బహిరంగంగా రాస్తున్నాను.

ముందు ఆ సమన్ల కాగితాన్ని కాస్త దగ్గరగా చూద్దాం. పైన కోర్టు పేరు, కేసు నంబరు, ఇంగ్లీషు పొడి అక్షరాలు. మధ్యలో ఖాళీ గీతల మీద చేత్తో రాసిన పేరు, తండ్రి పేరో భర్త పేరో, ఊరు. ఒక తేదీ. ఉదయం పదిన్నర అని సమయం. కింద సంతకం, ముద్ర. రాకపోతే ఏమవుతుందో చెప్పే వాక్యం ఒకటి తప్పకుండా ఉంటుంది. వస్తే ఏం జరుగుతుందో చెప్పే వాక్యం ఒక్కటీ ఉండదు. క్రిమినల్ కేసయితే దాన్ని పోలీసు తెచ్చిస్తాడు, సివిల్ దావా అయితే కోర్టు అమీనా తెచ్చిస్తాడు. సంతకం పెట్టించుకుని వెళ్లిపోతారు. వివరం అడిగితే "ఆ రోజు కోర్టుకు రండి, అక్కడే చెప్తారు" అంటారు.

అక్కడ ఏం జరుగుతుందో మీకు తెలియనిది కాదు. అయినా ఆవరణలో నిలబడ్డ మనిషి వైపు నుంచి ఒకసారి చెప్పనివ్వండి. పదిన్నరకు జడ్జిగారు బెంచి ఎక్కుతారు. కాల్ వర్క్ మొదలవుతుంది. ఆ రోజు జాబితాలో ఉన్న కేసులన్నీ వరసగా పిలుస్తారు. అటెండరు తలుపు దగ్గరికి వచ్చి పేరు కేకేస్తాడు. హాల్లో ఉన్న కుర్చీలు, బల్లలు లాయర్లకే చాలవు. కేసు ఉన్న మనుషులు వరండా గోడవారన, చెట్ల నీడన, గేటు బయట టీ కొట్టు దగ్గర సర్దుకుంటారు. ఆ కేక వరండా చివరిదాకా వినబడితే గొప్ప. వినబడినా, రికార్డులో ఇంటిపేరుతో కలిపి రాసిన నాలుగు ముక్కల పేరు చదువుతారు. ఊళ్లో అందరూ పిలిచేది అందులో ఒక ముక్కే. ఆ పిలిచింది తననేనని తెలిసేలోపు పక్క కేసు నంబరు పిలిచేస్తారు.

ఒకసారి మా ఊరి ముసలమ్మను సాక్ష్యానికి తోడు తీసుకెళ్లాను. ఏ కోర్టన్నది ఇక్కడ అనవసరం. ఆమె షుగరు మనిషి. మాత్ర వేసుకోవడానికి నీళ్లు వెతుక్కుంటూ పక్కకు వెళ్లిన ఆ కాసేపట్లోనే పేరు పిలిచారు. తిరిగొచ్చేసరికి పిలిచినా పలకలేదని రాసుకున్నారు. ఎవరో గుమస్తా దయతలచి ప్రాసిక్యూటరు గారికి చెబితే, ఆయన జడ్జిగారికి విన్నవించారు. జడ్జిగారు మంచివారు. ఆమెను లోపలికి పిలిపించి కుర్చీ వేయించారు. లేకపోతే ఆ వయసులో ఆమె మీద వారెంటు వెళ్లేది. అదే సివిల్ దావాలో ప్రతివాదికి జరిగితే ఎక్స్‌పార్టీ డిక్రీ. ప్రతివాది లేకుండానే ఇచ్చే ఆ డిక్రీని తీసేయించుకోవాలంటే ముప్పై రోజుల్లోగా పిటిషన్ వెయ్యాలి. ఆ గడువుందన్న సంగతి కూడా ఊళ్లో ఎవరికీ తెలియదు.

ఆ రోజు సాయంత్రం దాకా కూర్చున్నాక అవతలి పక్షం లాయరు వాయిదా అడిగారు. వాయిదా పడింది. సాక్షి వచ్చి కూర్చుని ఉండగా ప్రత్యేక కారణం రాయకుండా, విచారించకుండా పంపెయ్యకూడదని భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 346వ సెక్షన్ చెబుతోంది. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో 309 కూడా అదే చెప్పింది. సివిల్ దావాల్లో ఒక పక్షానికి మూడుకు మించి వాయిదాలు ఇవ్వరాదని సివిల్ ప్రొసీజర్ కోడ్ పదిహేడో ఆర్డరులో ఉంది. చట్టం ఉన్నది ఉన్నట్టు అమలైతే ఆ ముసలమ్మ మళ్లీ రావలసిన పని ఉండేది కాదు.

వాయిదా ఖరీదు ఎంతో పల్లెవెలుగు బస్సులో వచ్చినవాళ్లకు తెలుసు. బెంగళూరుకు చెందిన దక్ష్ సంస్థ 2016లో కోర్టులకు వచ్చేవాళ్లను సర్వే చేసింది. సివిల్ కేసు ఉన్న మనిషికి ఒక్క వాయిదాకు హాజరు కావడానికి సగటున 497 రూపాయల ఖర్చు, పని పోగొట్టుకున్నందుకు 844 రూపాయల నష్టం అని తేలింది. అవి అప్పటి ధరలు. మా ప్రాంతంలో మిరప కోతల రోజుల్లో వాయిదా పడితే ఆ ఇంటికి ఒక మనిషి కూలి పోతుంది. ముసలివాళ్లయితే తోడు వచ్చినవాళ్ల కూలి కూడా పోతుంది. ఇంత పోగొట్టుకుని వచ్చాక "జడ్జిగారు ఇవాళ లీవు, ఇన్‌చార్జి కోర్టులో తేదీ మాత్రం ఇస్తారు" అన్న మాట చెవిన పడితే ఆ మనిషికి కోర్టు మీద గురి ఎలా నిలుస్తుంది?

మీ ఇబ్బందులు తెలియక రాస్తున్న లేఖ కాదిది. దేశంలో జిల్లా స్థాయి, అంతకు కింది కోర్టుల్లో నాలుగు కోట్లకు పైగా కేసులు పేరుకుని ఉన్నాయి. ఒక సాక్షి క్రాస్ ఎగ్జామినేషన్ ఎంతసేపు పడుతుందో ఏ జడ్జీ ముందుగా చెప్పలేరు. కింది కోర్టు జడ్జీలు రాత్రి ఇంటి దగ్గర తీర్పులు రాసుకుంటారని విన్నాం, చూశాం. కాబట్టి కేసులు త్వరగా తేల్చండని ఈ లేఖలో అడగడం లేదు. అది పెద్ద పని, పోస్టులు, భవనాలు, డబ్బు అన్నీ కావాలి. ఎన్నాళ్లు పట్టినా సరే, రమ్మన్న రోజున మనిషిని అయోమయంలో పడెయ్యకండని అడుగుతున్నాను. దీనికి కొత్త పోస్టులు అక్కర్లేదు.

కోర్టు చెప్పకపోతే ఆ ఖాళీని ఇంకెవరో నింపుతారు. గేటు దగ్గర తెల్ల చొక్కా వేసుకుని తిరిగే మనిషి "ఏ కేసు పెద్దాయనా, నాతో రా" అంటాడు. హాలు చూపించినందుకు ఒక రేటు, కాపీ తెప్పించినందుకు ఒక రేటు, జడ్జిగారికి చెప్పిస్తానని ఇంకో రేటు. ఆ చివరి మాట పచ్చి అబద్ధమని మీకూ నాకూ తెలుసు. మొదటిసారి వచ్చిన మనిషికి తెలియదు. ఆ అబద్ధం నమ్మి ఇంటికి వెళ్లినవాడు ఊళ్లో చెప్పేదేమిటి? కోర్టులో డబ్బిస్తేనే పని అవుతుందని. నిజాయితీగా పనిచేసే జడ్జిగారి పేరు ఆయనకే తెలియకుండా గేటు దగ్గర చెడిపోతోంది.

అందుకే ఆ ఒక్క పేజీ. సమన్లతో పాటు ప్రతి ఒక్కరికీ అందాలి. పెద్ద అక్షరాల్లో, ఇంట్లో ఎనిమిదో తరగతి పిల్ల చదివి వినిపిస్తే తాతకు అర్థమయ్యే తెలుగులో ఉండాలి. ఎలా ఉంటే బాగుంటుందో నాకు తోచినట్టు రాసి మీ ముందు పెడుతున్నాను.

"మీరు ఫలానా తేదీన ఈ కోర్టుకు రావాలి. కోర్టు బస్టాండు నుంచి ఇంత దూరం. మీ కేసు ఇన్నో అంతస్తులో, ఇన్నో నంబరు హాల్లో ఉంటుంది.

ఈ కాగితం, ఆధార్ లాంటి ఒక గుర్తింపు కార్డు, కేసుకు సంబంధించిన కాగితాలు ఉంటే అవి తెచ్చుకోండి. మందులు వాడేవాళ్లు మందులు, మధ్యాహ్నానికి తిండి తెచ్చుకోండి. పదింటికల్లా చేరితే మంచిది. హాలు బయట అంటించిన జాబితాలో మీ కేసు నంబరు చూసుకోండి. చదవడం రాకపోతే సహాయ కేంద్రంలో అడగండి. పేరు పిలిచేదాకా హాలు దగ్గరే ఉండండి. పక్కకు వెళ్లాల్సి వస్తే మీ లాయరుకో, కోర్టు సిబ్బందికో చెప్పి వెళ్లండి.

మీరు సాక్షి అయితే మీకు లాయరు అవసరం లేదు. మీరు చూసింది, విన్నది, మీకు తెలిసింది చెప్పండి. తెలియనిది తెలియదని చెప్పండి. అడిగింది అర్థం కాకపోతే మళ్లీ అడగమనండి. మీరు చెప్పింది రాసుకున్నాక మీకు చదివి వినిపించాలి. ఇంగ్లీషులో రాసుకుంటే తెలుగులో వివరించమని అడిగే హక్కు మీకుంది. తప్పు రాశారనిపిస్తే అక్కడే చెప్పండి. రానుపోను ఖర్చులకు బత్తా ఉంటుంది, అడగండి. సాక్ష్యం చెప్పవద్దని ఎవరైనా బెదిరిస్తే జడ్జిగారికి చెప్పండి. 2018 నుంచి సాక్షుల రక్షణ పథకం ఉంది.

మీ మీద కేసు ఉంటే లాయరును పెట్టుకోండి. మహిళలు, పిల్లలు, ఎస్సీ, ఎస్టీలు, వికలాంగులు, కస్టడీలో ఉన్నవాళ్లు ఎంత సంపాదన ఉన్నా ఉచిత న్యాయ సహాయానికి అర్హులు. మిగతావాళ్లకు ఆదాయ పరిమితి ఉంటుంది. 15100 నంబరుకు ఫోన్ చేయండి, లేదా కోర్టు ఆవరణలోనే ఉన్న న్యాయ సేవల కార్యాలయంలో అడగండి. దావా రాజీ చేసుకోవాలనుకుంటే లోక్ అదాలత్ ఉంది. అక్కడ రాజీ అయితే కట్టిన కోర్టు ఫీజు వెనక్కి వస్తుంది. కానీ ఆ తీర్పు మీద అప్పీలు ఉండదు, ఆలోచించుకుని ఒప్పుకోండి.

రాలేని పరిస్థితి వస్తే ఊరుకోకండి. లాయరు ఉంటే ముందుగా ఆయనకు చెప్పి పిటిషన్ వేయించండి. సాక్షి అయితే సమన్లు తెచ్చిన స్టేషనుకో, ప్రాసిక్యూటరు కార్యాలయానికో కారణం తెలియజేయండి.

హాల్లో ఫోను మోగకూడదు. ఫొటోలు, వీడియోలు తియ్యకూడదు. జడ్జిగారితో తెలుగులో మాట్లాడండి, 'అయ్యా' అన్నా 'అమ్మా' అన్నా తప్పు లేదు. వెళ్లేముందు తర్వాతి వాయిదా తేదీ, మీ కేసు 16 అక్షరాల సీఎన్ఆర్ నంబరు రాయించుకోండి. ఆ నంబరుతో ఈ-కోర్ట్స్ యాప్‌లో మీ కేసు ఎక్కడుందో ఇంటి దగ్గర్నుంచే చూసుకోవచ్చు. రసీదు లేకుండా ఎవరికీ ఒక్క రూపాయి ఇవ్వకండి."

ఇంతే. ఇందులో ఒక్క మాట కూడా చట్టానికి అవతలిది కాదు. 'అయ్యా' అనే మాట గురించి అనుమానం వస్తుందేమో. కింది కోర్టుల్లో జడ్జీలను 'సర్' అని కానీ, దానికి సరిపడే ప్రాంతీయ భాష మాటతో కానీ సంబోధించవచ్చని బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా 2006లోనే లాయర్లకు నియమం చేసింది. లాయర్లకు చెల్లిన మాట రైతుకు చెల్లదా?

రెండో విన్నపం. కేసు పిలిచే అవకాశం లేకపోతే ముందురోజు సాయంత్రమే కబురు పంపించండి. జడ్జిగారు సెలవు పెట్టినా, శిక్షణకు వెళ్లినా, న్యాయవాదులు విధులు బహిష్కరించినా ఆ సంగతి కోర్టు ఆఫీసుకు చాలాసార్లు ముందే తెలుస్తుంది. కేసు ఉన్న మనిషికి మాత్రం గేటు దగ్గరికి వచ్చాకే తెలుస్తుంది. ఈ-కోర్ట్స్ పథకంలో ఎస్సెమ్మెస్ పంపే ఏర్పాటు ఇప్పటికే ఉంది. అయితే కేసు వేసేటప్పుడు ఎక్కించే ఫోన్ నంబరు చాలావరకు లాయరుది. వాదిది, ప్రతివాదిది, సాక్షిది కూడా నంబరు తీసుకోవడం తప్పనిసరి చేయండి. వచ్చే సందేశం తెలుగులో ఉండాలి. ఈ-కోర్ట్స్ మూడో దశకు 2023లో కేంద్రం 7,210 కోట్ల రూపాయలు మంజూరు చేసింది. అందులో అన్నిటికంటే చవకైన పని ఇదే అవుతుంది. దాంతో పాటు, సాక్ష్యం ఉన్న కేసులు ఉదయానివి, మధ్యాహ్నానివి అని రెండు భాగాలు చేసినా సగం మందికి సగం రోజు మిగులుతుంది.

మూడోది, గేటు దగ్గర ఒక మనిషి కావాలి. ప్రతి మండల న్యాయ సేవా కమిటీకీ పారా లీగల్ వాలంటీర్లు ఉన్నారు. వాళ్లలో ఒకరిని ఉదయం తొమ్మిదిన్నర నుంచి పన్నెండు దాకా ఒక బల్ల, ఒక కుర్చీ, ఆ రోజు జాబితా ఇచ్చి గేటు లోపలే కూర్చోబెట్టండి. వెనక గోడ మీద హాళ్ల నంబర్లు, జడ్జీల హోదాలు తెలుగులో రాయించండి. తెల్ల చొక్కా మనిషి పని ఆ రోజుతో ఆగిపోతుంది.

నాలుగోది నీడ, నీళ్లు, మరుగుదొడ్డి. మన తెలుగువారే అయిన జస్టిస్ ఎన్.వి. రమణ గారు భారత ప్రధాన న్యాయమూర్తిగా ఉండగా 2021 అక్టోబరులో ఔరంగాబాద్‌లో ఈ సంగతి బాహాటంగా చెప్పారు. దేశంలో 26 శాతం కోర్టు సముదాయాల్లో ఆడవాళ్లకు వేరే మరుగుదొడ్లు లేవని, శుద్ధి చేసిన తాగునీరు 54 శాతం చోట్లే ఉందని అన్నారు. 2025 జనవరి 15న సుప్రీంకోర్టు అన్ని కోర్టుల్లోనూ ఆడ, మగ, వికలాంగులు, ట్రాన్స్‌జెండర్లకు మరుగుదొడ్లు ఉండి తీరాలని, ఇందుకు ప్రతి హైకోర్టులోనూ ఒక న్యాయమూర్తి అధ్యక్షతన కమిటీ వెయ్యాలని ఆదేశించింది. ఆ కమిటీ తనిఖీకి వచ్చినప్పుడు జడ్జీల గదుల నుంచి కాకుండా గేటు దగ్గర్నుంచి తనిఖీ మొదలుపెట్టాలని నా మనవి. పొద్దున పాలు తాగే బిడ్డనెత్తుకుని వచ్చిన మనోవర్తి కేసు ఆమె సాయంత్రం దాకా ఎక్కడ కూర్చుంటుందో చూడాలి. పేర్లు పిలవడానికి వరండాలో ఒక చిన్న మైకు పెట్టించాలి. మైకు వల్ల ఎన్ని వారెంట్లు తప్పుతాయో మీరే చూస్తారు.

ఐదోది, నాకు అన్నిటికంటే ఇష్టమైనది. కేసు లేనివాళ్లను కూడా కోర్టులోకి రానివ్వండి. నేను ఉద్యోగంలో ఉండగా తొమ్మిదో తరగతి పిల్లలను పౌరశాస్త్రం పాఠంలో భాగంగా కోర్టు చూపించాలని ఒకచోటికి తీసుకెళ్లాను. గేటు దగ్గరే ఆపి "మీకు కేసుందా? లేనివాళ్లకు ఇక్కడేం పని?" అని వెనక్కి పంపారు. చట్టం అలా చెప్పడం లేదు. నాగరిక్ సురక్షా సంహిత 366వ సెక్షన్ ప్రకారం క్రిమినల్ విచారణ జరిగే చోటు బహిరంగ న్యాయస్థానం. హాల్లో చోటున్నంత మేరకు ఎవరైనా వచ్చి కూర్చోవచ్చు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 153-బి కూడా ఇదే అంటుంది. అత్యాచార కేసులు, పిల్లలపై లైంగిక నేరాల కేసులు, ఫ్యామిలీ కోర్టులో రహస్యంగా జరపాల్సినవి వేరు. ఆ తలుపులు మూసి ఉండటమే న్యాయం. మిగతావి మూసే హక్కు గేటు కాపలా మనిషికి లేదు.

2022 సెప్టెంబరు నుంచి సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం విచారణలు ఫోనులో ప్రత్యక్షంగా చూస్తున్నాం. మాచర్లలో కూర్చున్న కుర్రాడు ఢిల్లీలో వాదనలు వినగలుగుతున్నాడు. తన ఊరికి దగ్గర్లోనే ఉన్న కోర్టు హాల్లో ఏం జరుగుతుందో మాత్రం సినిమాల్లో చూసిందే అతనికి తెలుసు. సుత్తి కొట్టే జడ్జి, "అబ్జెక్షన్ యువరానర్" అని అరిచే లాయరు, ఒక్క వాయిదాలో తీర్పు. నిజం కోర్టు ఎలా ఉంటుందో బడి పిల్లలకు చూపించండి. నవంబరు 9 న్యాయ సేవల దినం, నవంబరు 26 రాజ్యాంగ దినోత్సవం. ఏడాదికి ఆ రెండు రోజులూ కాక, నెలకొక శనివారం ఒక్కో బడికి ఒక గంట ఇవ్వండి. బోను ఎక్కడ, క్లర్కు ఎక్కడ కూర్చుంటారు, సాక్షి ఎక్కడ నిలబడతాడు, జామీను అంటే ఏమిటి అని జడ్జిగారో సీనియర్ లాయరో పది నిమిషాలు చెబితే చాలు. ఆ పిల్లల్లో ఎవరింటికైనా రేపు సమన్లు వస్తే ఆ పిల్లే తాతను వెంటబెట్టుకుని వెళ్తుంది. మనిషి కోర్టును మొదటిసారి చూసేది తన పేరు పిలిచిన రోజు కాకూడదు.

ఈ అయిదింటికీ వేరు ఒక్కటే. మనిషికి అతని భాషలో, అతనికి అర్థమయ్యేలా, సమయానికి చెప్పడం. దీని బలం ఎంతో మనం చూశాం. 2021 జూలైలో ఇరవై ఏళ్లుగా నడుస్తున్న ఒక తెలుగు దంపతుల తగాదా సుప్రీంకోర్టుకు వచ్చింది. భార్య ఇంగ్లీషులో చెప్పలేక ఇబ్బంది పడుతుంటే జస్టిస్ రమణ గారు తెలుగులో మాట్లాడమన్నారు. భర్తకు జైలుశిక్ష పెంచమని అడుగుతున్నారు సరే, అతను జైలుకు వెళ్తే ఉద్యోగం పోతుంది, అప్పుడు మీకు వచ్చే డబ్బు కూడా ఆగిపోతుందని ఆమెకు తెలుగులోనే విడమరిచి చెప్పారు. ఆమెకు అర్థమైంది. ఇద్దరూ కలిసి బతకడానికి ఒప్పుకున్నారు. అన్ని కోర్టుల మెట్లెక్కి వచ్చిన మనిషికి ఆ నాలుగు మాటలు మొదటి మెట్టు దగ్గరే ఎవరైనా చెప్పి ఉంటే ఎంత బాగుండేదో అనిపించింది.

తెలంగాణ హైకోర్టు 2023లో ఒక ఆస్తి వివాదంలో తీర్పును తెలుగులో కూడా ఇచ్చింది. 348వ అధికరణం హైకోర్టు వ్యవహారాలను ఇంగ్లీషులో ఉంచినా, తలచుకుంటే దారి దొరికింది. కింది కోర్టులకు ఆ ఇబ్బంది కూడా లేదు. మన రాష్ట్రంలో తెలుగు అధికార భాషగా చట్టమై 1966 నుంచి ఉంది. హాలు బయట అంటించే జాబితా, గోడ మీది బోర్డు, సమన్లతో వచ్చే కాగితం తెలుగులో రావడానికి ఏ సవరణా అక్కర్లేదు.

ఒకేసారి రాష్ట్రమంతా కష్టమనుకుంటే ఒక జిల్లాలో, ఒక్క కోర్టు ఆవరణలో ఆరు నెలలు చేసి చూడండి. ఆ ఆరు నెలల్లో పిలిచినప్పుడు పలకనివాళ్లు ఎందరు తగ్గారో, పలకనందుకు ఇచ్చే వారెంట్లు ఎన్ని తగ్గాయో, సాక్ష్యం చెప్పకుండా వెనక్కి వెళ్లిన సాక్షులు ఎందరో లెక్క తీయించండి. ఆ లెక్కలన్నీ మీ కోర్టు రికార్డుల్లోనే ఉంటాయి. ఫలితం బాగుంటే మిగతా కోర్టులకు సర్క్యులర్ పంపండి. బాగాలేకపోతే ఎక్కడ తప్పిందో ప్రజలకు చెప్పండి, సరిచేసుకుందాం. ఆ పేజీని తేలిక తెలుగులో రాయడానికి, ఏటా సరిచూడటానికి, చదవడం రాని వాళ్లకు ఊరూరా చదివి వినిపించడానికి నాలాంటి రిటైరైన ఉపాధ్యాయులు ప్రతి మండలంలోనూ ఉన్నారు. పిలిస్తే డబ్బు తీసుకోకుండా వస్తారు. నేను మొదట వస్తాను.

పౌరుడిని ఫలానా రోజు, ఫలానా గంటకు రమ్మని ఆజ్ఞాపించే అధికారం కోర్టుకుంది. వచ్చిన మనిషికి దారి చెప్పే బాధ్యత కూడా ఆ అధికారంలో భాగమేనని మీరు ఒక ఉత్తర్వులో రాయాలని కోరుతున్నాను.

ఇట్లు
భవదీయుడు,
పల్నాడు నుంచి ఒక విశ్రాంత తెలుగు ఉపాధ్యాయుడు